సమీకరణానికి సాధనలు ఎన్ని? ఒకటా, అసలు లేవా, లెక్కలేనన్నా: తేల్చుకునే పద్ధతి

పశ్చిమ గోదావరి జిల్లా ఉండి ఊరి దగ్గర పక్కపక్కనే రెండు చేపల చెరువులు ఉన్నాయనుకుందాం. మొదటి దాంట్లో 40 సెంటీమీటర్ల నీళ్లున్నాయి, రెండో దాంట్లో 10. రెండింటికీ కాలవ నుంచి మోటార్లు పెట్టి తోడుతున్నారు. మొదటి చెరువులో గంటకి 2 సెంటీమీటర్లు, రెండో చెరువులో గంటకి 4 సెంటీమీటర్లు నీరు పెరుగుతోంది. రెండు మట్టాలూ ఎప్పుడు సమానమవుతాయి? మొదట్లో తేడా 30. అది గంటకి 2 చొప్పున తగ్గుతోంది కాబట్టి 15 గంటలు పడుతుంది. అప్పటికి రెండు చోట్లా 70 సెంటీమీటర్ల నీరు ఉంటుంది.

ఇప్పుడు రెండో చెరువు మోటారు కూడా గంటకి 2 సెంటీమీటర్లే ఎక్కిస్తోందనుకోండి. 30 తేడా పొద్దున ఎంతో సాయంత్రమూ అంతే. ఎన్ని రోజులు తోడినా ఆ రెండు మట్టాలూ కలవవు. ఇక మూడో సంగతి. రెండో చెరువులోనూ మొదట 40 సెంటీమీటర్లే ఉండి, మోటారు వేగమూ అదే అయితే, ఏ గంటకి వెళ్లి కొలిచినా మట్టాలు సమానంగానే ఉంటాయి.

ఏకచరరాశి రేఖీయ సమీకరణంలో, అంటే తెలియని రాశి ఒక్కటే ఉండి దానికి వర్గం లాంటివి లేని సమీకరణంలో, జరిగేవి ఈ మూడే. ఒకే సాధన (రెండు వైపులనూ సమానం చేసే విలువ) ఉండటం, సాధన లేకపోవడం, ప్రతి సంఖ్యా సాధన కావడం. ఏ సమీకరణం ఏ కోవలోకి వస్తుందో తెలుసుకోవడానికి దాన్ని చివరిదాకా సాధించనక్కర్లేదు. ముందు వేగాలు చూడాలి. వేగాలు ఒకటే అయితేనే మొదటి మట్టాలు చూడాలి. ఈ వరుస తప్పకపోతే సగం తప్పులు దగ్గరికే రావు.

రాత గురించి ఒక మాట

బడిలో ఎక్స్ అని రాసే తెలియని రాశిని ఇక్కడ 'య' అని రాస్తున్నాం. ఇది ఇప్పుడు కల్పించిన అలవాటు కాదు. మన పాత బీజగణితంలో తెలియని రాశికి యావత్తావత్ అని పేరు, దాన్ని పొట్టిగా 'యా' అని రాసేవారు. మీ నోటుపుస్తకంలో ఎక్స్ అనే రాసుకోండి, లెక్కలో మార్పేమీ ఉండదు.

ఏ రేఖీయ సమీకరణాన్నైనా సూక్ష్మీకరిస్తే ఈ రూపానికి వస్తుంది:

కయ + చ = టయ + త

ఇందులో క, ట గుణకాలు (చెరువుల లెక్కలో వేగాలు). చ, త స్థిరపదాలు (మొదటి మట్టాలు).

మొదటి పని: రెండు వైపులనూ విడివిడిగా శుభ్రం చేయడం

తప్పుల్లో ఎక్కువ భాగం ఇక్కడే పుడతాయి, అందుకే ఇక్కడ నిదానంగా వెళ్లాలి. ఈ సమీకరణం తీసుకుందాం:

3(2య − 5) − 2(య − 4) = 4(య + 1) − 11

కుడివైపు సంగతి మరిచిపోయి ముందు ఎడమవైపే విప్పండి. 3తో గుణిస్తే 6య − 15. తర్వాత −2తో గుణించాలి. గుణకం 2 కాదు, −2. −2ని యతో గుణిస్తే −2య, −2ని −4తో గుణిస్తే +8. కాబట్టి ఎడమవైపు 6య − 15 − 2య + 8. సజాతి పదాలు కలిపితే 4య − 7.

ఇప్పుడు కుడివైపు: 4య + 4 − 11, అంటే 4య − 7.

గుణకాలు ఒకటే, స్థిరపదాలూ ఒకటే. ప్రతి సంఖ్యా సాధనే.

ఆ +8 దగ్గర చేయి జారి −8 రాశారనుకోండి. ఎడమవైపు 4య − 23 అవుతుంది, కుడివైపు 4య − 7. అప్పుడు 'సాధన లేదు' అని రాసేస్తారు. మామూలు లెక్కలో గుర్తు తప్పితే 5 రావాల్సిన చోట 3 వస్తుంది. ఈ రకం లెక్కలో ఒక్క గుర్తు తప్పితే 'అన్నీ' అనాల్సిన చోట 'ఏదీ లేదు' అంటాం. అందుకే బ్రాకెట్ ముందు మైనస్ కనిపిస్తే లోపలి ప్రతి పదం మీదా దాని ప్రభావం పడిందో లేదో వేలు పెట్టి సరిచూసుకోవాలి.

భిన్నాలుంటే అంతకు ముందు ఇంకో పని ఉంటుంది. హారాల క.సా.గు.తో (కనిష్ఠ సామాన్య గుణిజంతో) మొత్తం సమీకరణాన్ని గుణించాలి.

(య + 3)/2 − (య − 1)/3 = (య + 5)/6 + 1

2, 3, 6ల క.సా.గు. 6. గుణిస్తే:

3(య + 3) − 2(య − 1) = (య + 5) + 6

ఎడమవైపు 3య + 9 − 2య + 2, అంటే య + 11. కుడివైపు కూడా య + 11. అనంత సాధనలు, అంటే ప్రతి సంఖ్యా సాధనే.

చివర ఒంటరిగా ఉన్న ఆ 1ని చూడండి. దానికి హారం లేదు కదా అని చాలామంది దాన్ని 6తో గుణించకుండా వదిలేస్తారు. అప్పుడు కుడివైపు య + 6 వస్తుంది, 'సాధన లేదు' అని తేలుతుంది. హారం లేని పదాన్ని గుణించడమే ఈ మెట్టులో అసలు పరీక్ష.

దశాంశాలతో ఇంకో ప్రమాదం ఉంది. య/3 + 2 = 2య/6 + 5 అన్న సమీకరణంలో 1/3, 2/6 రెండూ ఒకటే, కనుక దీనికి సాధన లేదు. కాలిక్యులేటర్ చూసి ఒక చోట 0.33 అని, ఇంకో చోట 0.333 అని రాసుకుంటే 0.33య + 2 = 0.333య + 5 అవుతుంది. దాన్ని సాధిస్తే య = −1000 అని వస్తుంది. అసలు లేని సాధన పుట్టుకొచ్చింది. సాధనల సంఖ్య తేల్చేటప్పుడు భిన్నాన్ని భిన్నంగానే ఉంచాలి.

రెండో పని: గుణకాలు చూడడం

గుణకాలు వేరైతే అక్కడితో ఆగిపోవచ్చు. సాధన ఒక్కటే, కచ్చితంగా ఒక్కటే. స్థిరపదాలు ఏమైనా సరే. వేగాలు వేరైన రెండు మట్టాలు ఏదో ఒక క్షణంలో, ఒకే ఒక్క క్షణంలో సమానమవుతాయి (లెక్కలో ఆ క్షణం మోటార్లు వేయక ముందుది కూడా కావచ్చు, అప్పుడు య రుణ సంఖ్య).

ఆ ఒక్క సాధనను కనుక్కునే సూత్రం క్రీ.శ. 499లో ఆర్యభట రాసిన ఆర్యభటీయంలో ఉంది. ఇద్దరు మనుషుల సంపద సమానం. ఒక్కొక్కరి దగ్గర కొన్ని గులికలు (విలువ తెలియని వస్తువులు), కొన్ని రూపకాలు (నాణేలు) ఉన్నాయి. రూపకాల తేడాని గులికల తేడాతో భాగిస్తే ఒక గులిక విలువ వస్తుంది. దీన్ని మన చేలోకి తెచ్చుకుందాం. ఒక రైతు దగ్గర 6 బస్తాల ధాన్యం, 1000 రూపాయలు ఉన్నాయి. ఇంకొకరి దగ్గర 4 బస్తాలు, 4500 రూపాయలు ఉన్నాయి. ఇద్దరి ఆస్తీ సమానమైతే, డబ్బులో తేడా 3500, బస్తాల్లో తేడా 2, కాబట్టి బస్తా ధర 1750.

భాగించేది గుణకాల తేడాతో. ఆ తేడా సున్నా కానంతవరకు భాగహారం సాగుతుంది, ఒకే జవాబు వస్తుంది. తేడా సున్నా అయితే భాగించడం కుదరదు. అప్పుడే మూడో పనికి వెళ్లాలి.

మూడో పని: గుణకాలు సమానమైతే స్థిరపదాలు చూడడం

గోదావరి డెల్టాలో ధాన్యం బస్తా అంటే 75 కేజీలు. కళ్లంలో య బస్తాలు ఉన్నాయి. అందులో రెండు బస్తాలు విప్పి కుప్పగా పోశారు. మిగిలిన బస్తాలూ ఆ కుప్పా కలిపి తూస్తే మొదటి బరువే రావాలి:

75(య − 2) + 150 = 75య

విప్పితే 75య − 150 + 150 = 75య, అంటే 75య = 75య. మొదట 10 బస్తాలున్నా 200 ఉన్నా ఇది నిజమే. ఇలాంటిదాన్ని సర్వసమీకరణం అంటారు.

కుప్ప తూస్తే 140 కేజీలే వచ్చిందనుకోండి. 75(య − 2) + 140 = 75య. ఇప్పుడు ఎడమవైపు 75య − 10. రెండు వైపుల నుంచీ 75య తీసేస్తే −10 = 0 మిగులుతుంది. అది అబద్ధం. ఆ 10 కేజీలు ఎక్కడ ఒలికిపోయాయో గానీ, బస్తాల సంఖ్య మార్చి ఆ లోటు పూడ్చలేం. సాధన లేదు అన్నమాటకి అర్థం ఇదే. య ఎంతైనా ఆ తేడా కదలదు.

పక్షాంతరం చేశాక (పదాన్ని గుర్తు మార్చి ఒక వైపు నుంచి ఇంకో వైపుకి తెచ్చాక) 'య' మాయమైతే కంగారు పడి లెక్క కొట్టేయకండి. మిగిలిన వాక్యాన్ని చదవండి. నిజమైన వాక్యం (0 = 0, −7 = −7, 12 = 12) మిగిలితే ప్రతి సంఖ్యా సాధన. అబద్ధం (−10 = 0, 4 = 9) మిగిలితే ఏదీ సాధన కాదు.

సున్నా దగ్గర జరిగే మూడు పొరపాట్లు

పరీక్ష పేపర్లలో మార్కులు ఇక్కడ కూడా పోతాయి. మూడూ ఒకేలా కనిపిస్తాయి, కానీ మూడింటి కారణాలూ వేరు.

5య + 8 = 2య + 8 తీసుకోండి. 3య = 0 వస్తుంది. య = 0. 'సున్నా అంటే ఏమీ లేదు కదా' అని 'సాధన లేదు' అని రాస్తారు. తప్పు. సున్నా ఒక సంఖ్య. య స్థానంలో సున్నా ప్రతిక్షేపిస్తే (పెట్టి చూస్తే) రెండు వైపులా 8 వస్తుంది. గుణకాలు 5, 2 వేరు కాబట్టి సాధన ఒకటే, అది సున్నా.

రెండోది 5య = 2య. రెండు వైపులా యతో భాగించి 5 = 2 అని తెచ్చి 'సాధన లేదు' అంటారు. ఇక్కడ తప్పు భాగించడంలోనే ఉంది. య సున్నా కావచ్చు, సున్నాతో భాగించకూడదు. భాగించే బదులు తీసివేస్తే 3య = 0, య = 0. చరరాశి ఉన్నదానితో భాగించాలని చేయి వెళ్లిన ప్రతిసారీ ఆగి, పక్షాంతరమే చేయండి.

మూడోది తలకిందుల తప్పు. లెక్క చివర 0 = 0 వస్తే 'జవాబు సున్నా' అని, అంటే య = 0 అని రాసేయడం. 0 = 0లో య లేనే లేదు. ఆ వాక్యం య విలువ గురించి ఏమీ చెప్పడం లేదు, అంటే ఏ విలువైనా సరే. 'య = 0' అన్న చోట ఎడమవైపు య ఉంటుంది. ఈ రెండు వాక్యాల మధ్య తేడా పిల్లలకి బోర్డు మీద పక్కపక్కనే రాసి చూపిస్తే బాగా నాటుకుంటుంది.

ఈ మూడూ కాక, 0·య = 5 నుంచి య = 5/0 అని రాసి దాన్ని 'అనంతం' అని, కాబట్టి 'అనంత సాధనలు' అని తేల్చేవాళ్లూ ఉన్నారు. సున్నాతో భాగహారానికి విలువ లేదు. సున్నాని దేనితో గుణించినా 5 రాదు, కాబట్టి సాధన లేదు.

సరిచూసుకోవడానికి: రెండు అంకెల పరీక్ష

బ్రాకెట్లు విప్పకుండానే తేల్చే దారి ఒకటుంది. య స్థానంలో ముందు 0 పెట్టి, ఎడమవైపు విలువలోంచి కుడివైపు విలువ తీసేయండి. తర్వాత 1 పెట్టి అదే చేయండి. రెండు తేడాలు వస్తాయి.

రెండు తేడాలూ సున్నా అయితే అనంత సాధనలు. రెండూ సమానమై, సున్నా కాకపోతే సాధన లేదు. రెండూ వేర్వేరైతే ఒకే సాధన.

5(య − 2) + 3 = 2(య + 4) మీద చేసి చూద్దాం. య = 0 అయితే ఎడమవైపు −7, కుడివైపు 8, తేడా −15. య = 1 అయితే ఎడమవైపు −2, కుడివైపు 10, తేడా −12. తేడాలు వేరు, కాబట్టి సాధన ఒకటే. అంతేకాదు, య ఒకటి పెరిగితే లోటు 3 తగ్గింది. మొత్తం లోటు 15 తీరడానికి 5 అడుగులు వేయాలి. య = 5. ప్రతిక్షేపిస్తే రెండు వైపులా 18.

ఇది చెరువుల లెక్కే. మొదటి మట్టాల తేడా కొలిచి, ఒక గంట ఆగి మళ్లీ కొలవడం. పైన చూసిన 3(2య − 5) − 2(య − 4) = 4(య + 1) − 11 మీద ఇదే చేస్తే, 0 దగ్గర −7, −7 వస్తాయి, 1 దగ్గర −3, −3 వస్తాయి. రెండు తేడాలూ సున్నా. +8 బదులు −8 రాసిన విద్యార్థి ఈ పరీక్ష చేస్తే తన తప్పు వెంటనే దొరుకుతుంది.

రెండు అంకెలే ఎందుకు చాలు అన్నదానికి కారణం ఇది. రేఖీయ సమీకరణానికి రెండు వేర్వేరు సాధనలు ఉన్నాయనుకోండి. ఒక సాధన నుంచి ఇంకో సాధనకి వెళ్తే రెండు వైపులూ సమానంగానే మారాయన్నమాట. సమానంగా మారాలంటే వేగాలు ఒకటే అయి ఉండాలి. వేగాలు ఒకటై, ఒక్క చోట కలిస్తే అన్ని చోట్లా కలిసినట్టే. అందుకే 'సరిగ్గా రెండు సాధనలు' అన్న జవాబు ఇక్కడ ఎప్పటికీ రాదు.

య² కనిపిస్తే మాత్రం ఈ పరీక్షకి రెండు అంకెలు చాలవు, మూడు కావాలి. (య + 1)² = య² + 2య + 4 లాంటివి చూడ్డానికి వర్గ సమీకరణాల్లా ఉన్నా, విప్పగానే య² రెండు వైపులా కొట్టుకుపోతుంది. ఇక్కడ 1 = 4 మిగులుతుంది, సాధన లేదు. హారంలో య ఉన్నప్పుడు కూడా జాగ్రత్త. 2య/(య − 3) = 6/(య − 3)లో య = 3 అని వస్తుంది, కానీ 3 పెడితే హారం సున్నా అయిపోతుంది. కాబట్టి సాధన లేదు.

'క ఏ విలువకి సాధన ఉండదు?' అని అడిగితే

గుణకం స్థానంలో అక్షరం ఇచ్చి అడిగే ప్రశ్న ఇది. కయ + 6 = 3య + 5 అనుకుందాం. య ఉన్న పదాలు ఒకవైపు చేర్చండి: (క − 3)య = −1. ఇక్కడ వెంటనే భాగించకండి. ముందు 'క − 3 సున్నా అయితే?' అని అడగండి. క = 3 అయితే 0 = −1, సాధన లేదు. క ఇంకేదైనా అయితే ఒకే సాధన. క ఎంతైనా దీనికి అనంత సాధనలు రావు, ఎందుకంటే కుడివైపు −1 ఎప్పటికీ సున్నా కాదు.

కయ + 6 = 3య + 2క అన్న సమీకరణంలో అలా కాదు. (క − 3)య = 2(క − 3) వస్తుంది. క = 3 అయితే 0 = 0, అనంత సాధనలు. క మిగతా ఏ విలువైనా య = 2. మొదటే (క − 3)తో కొట్టేసి 'య = 2' అని రాసినవారికి సగం జవాబు పోతుంది.

లెక్కకి సాధన ఉన్నా, ప్రశ్నకి జవాబు లేకపోవచ్చు

కొబ్బరి దింపుకి ఇద్దరిని అడిగారు. ఒకరు రానుపోను ఖర్చు 300, చెట్టుకి 40 అన్నారు. రెండోవారు రానుపోను 50, చెట్టుకి 52 అన్నారు. 300 + 40య = 50 + 52య. గుణకాలు వేరు, సాధన ఒకటే: 12య = 250, య = 20.83 దగ్గర. సమీకరణానికి సాధన ఉంది, కానీ 20.83 చెట్లు ఉండవు. 'ఎన్ని చెట్లకి ఇద్దరి ఖర్చూ సమానం' అన్న ప్రశ్నకి జవాబు లేదు. అయినా ఆ సంఖ్య పనికిరానిది కాదు. 20 చెట్లకి మొదటివారికి 1100, రెండోవారికి 1090 ఇవ్వాలి. 21 చెట్లకి 1140, 1142. అంటే 20 చెట్ల దాకా రెండోవారు, 21 నుంచి మొదటివారు మేలు.

రుణ సంఖ్యలూ అంతే. చెరువుల లెక్కలో ఎక్కువ నీళ్లున్న చెరువులోనే వేగం కూడా ఎక్కువైతే, 40 + 4య = 10 + 2య, య = −15. సమీకరణం వరకు ఇది సరైన సాధనే. మోటార్లు వేశాక మట్టాలు ఎప్పుడు కలుస్తాయి అంటే మాత్రం ఎప్పటికీ కలవవు. జవాబు రాసేటప్పుడు ముందు సమీకరణానికి ఎన్ని సాధనలో రాసి, కింద ప్రశ్నకి అది పొసుగుతుందో లేదో వేరే వాక్యంగా రాయండి. రెండూ కలిపేస్తే మార్కు పోతుంది.

గ్రాఫులో

ఎడమవైపును ఒక సరళరేఖగా, కుడివైపును ఇంకో సరళరేఖగా గీస్తే గుణకం ఏటవాలును చెబుతుంది, స్థిరపదం నిలువు అక్షాన్ని ఎక్కడ తాకుతుందో చెబుతుంది. ఏటవాలు వేరైతే ఖండన రేఖలు, ఒక బిందువు దగ్గర కలుస్తాయి. ఏటవాలు ఒకటై, తాకే చోటు వేరైతే సమాంతర రేఖలు. రెండూ ఒకటైతే ఒకదాని మీద ఒకటి పడే రేఖలు. పదో తరగతిలో వచ్చే రెండు చరరాశుల సమీకరణాల జతకి కూడా పునాది ఇదే.

చేసి చూడండి

అ) 4(య − 3) = 4య − 12
ఆ) 7య − 2 = 7(య − 2)
ఇ) 9 − (య − 4) = 13 + య
ఈ) (2య + 1)/3 = (4య + 5)/6
ఉ) 2(3య + 1) − 6 = 6(య − 1) + 2
ఊ) (య + 1)(య + 4) = య(య + 5) + 4

జవాబులు: 'అ', 'ఉ', 'ఊ' అనంత సాధనలు ఉన్నవి. 'ఆ', 'ఈ' సాధన లేనివి. 'ఆ' విప్పితే −2 = −14, 'ఈ' విప్పితే 2 = 5 మిగులుతాయి. 'ఇ'లో ఎడమవైపు 13 − య, కుడివైపు 13 + య. స్థిరపదాలు ఒకేలా ఉన్నాయని 'అనంతం' అనుకోకండి, గుణకాలు −1, +1. సాధన ఒకటే, య = 0.